నవలలోని మాయామూలికల గ్రంథం గురించి

మీ నవలలోని ప్రాచీన మూలికా గ్రంథం కేవలం శక్తుల జాబితాలా తేలిపోతోందని రాశారు. ఆ పుస్తకాన్ని ఎవరూ ఏనాడూ వాడినట్లు కనిపించకపోవడమే అందుకు కారణమని నా అభిప్రాయం. సుమారు క్రీ.శ. 512లో కాన్‌స్టాంటినోపుల్‌లో రాజవంశీకురాలైన అనీషియా జూలియానా కోసం తయారైన ప్రాచీన గ్రీకు వైద్యుడు డయాస్కోరిడీస్ రాసిన మూలికా గ్రంథపు ప్రతిలో, తరువాతి శతాబ్దాలవారు బొమ్మల పక్కన అరబ్బీ, హీబ్రూ పేర్లు చేర్చారు. మీరూ పుటల అంచుల్లో పరాయి లిపిలో పేర్లు, ఒక వైద్యుడి అభ్యంతరం, మోతాదుకు దిద్దుబాటు చేర్చండి. ప్రతి మొక్కకూ శక్తితో పాటు సేకరణలోని ప్రమాదమూ ఉండాలి: మాండ్రేక్ వేరును పెరికినప్పుడు వినిపించే అరుపు ప్రాణం తీస్తుందని నమ్మిన మధ్యయుగ ఐరోపావాసులు, దాన్ని కుక్కకు కట్టి లాగించాలని రాసుకున్నారు (పాపం, ఆ కుక్క!). పది మొక్కలు చాలు. వాటిలో ఒకదాని వర్ణన చిరిగిన పుటలో సగంలోనే ఆగిపోతే, మీ కథానాయిక వెతకవలసినదేమిటో కూడా అక్కడే తేలుతుంది.