నీ కథలో ఆ యంత్రం గురించి

అమ్మడూ,

నీ కథ వాట్సాప్‌లో పంపావు కదా, మొత్తం చదివీసాను, మీ అత్త కూడా చదివింది, దానికి హీరో నచ్చాడు, నాకు మాత్రం హీరో చేతిలో ఉన్న, కాలంలో వెనక్కి తీసుకెళ్లే ఆ దిక్కాల యంత్రం నచ్చలేదు. ఇత్తడి డబ్బా, నీలం లైటు, గడియారంలో లాంటి మూడు ముళ్లు, అన్నీ బానే రాసావు గానీ అది దేన్ని చూసి దారి చెప్తాదో ఒక్క ముక్క రాయలేదు. షిప్పుల్లో బ్రిడ్జి మీద, అంటే షిప్పు నడిపే గదిలో, డ్యూటీలు చేసినోణ్ని, నా కళ్లు ముందు అక్కడికే పోతాయి. దిక్సూచి భూమి అయస్కాంతాన్ని పట్టుకుంటాది, ఎత్తు కోణం కొలిచే సెక్స్టెంట్ సూర్యుణ్నో చుక్కనో పట్టుకుంటాది, జీపీఎస్ పైన తిరిగే శాటిలైట్ల గడియారాలని పట్టుకుంటాది. నీది ఏటి పట్టుకుంటాది? ముందు అది తేల్చుకో, లైటు రంగు తర్వాత చూసుకోవచ్చు.

ఎందుకింత గోల అంటే, నీ హీరో బారువ బీచిలో నిలబడి బటన్ నొక్కి ఒక్క రోజు వెనక్కి వెళ్లి అదే ఇసకలో దిగిపోయాడు. ఎలగ దిగుతాడే? భూమి సూర్యుడి చుట్టూ సెకనుకి దాదాపు 30 కిలోమీటర్లు పోతాది, అంటే రోజుకి 25 లక్షల కిలోమీటర్ల పైనే. నిన్నటి బారువ ఇవాళ ఉన్నచోట లేదు. పోనీ సరిగ్గా ఏడాది వెనక్కి వెళ్తే భూమి మళ్లీ అక్కడికే వస్తాది కదా అంటావేమో, ఆ సూర్యుడే గెలాక్సీ చుట్టూ సెకనుకి 220 కిలోమీటర్ల చొప్పున పోతన్నాడు, ఏడాదికి లెక్కేసుకుంటే దగ్గర దగ్గర 700 కోట్ల కిలోమీటర్లు. కాబట్టి కాలం తిప్పే ముల్లు తిరిగినప్పుడల్లా చోటు చూపించే ముల్లు కూడా తిరగాల, రెండిటికీ లంకె ఉందని చదివేవాడికి తెలియాల.

హీరో రెండు వేల ఏళ్లు వెనక్కి, కళింగపట్నం దగ్గర బౌద్ధ భిక్షువులుండే శాలిహుండం వెళ్లే భాగానికి మాత్రం నేనొకటి చెప్తాను, ఆ ఇత్తడి డబ్బా పక్కన పడీసి హీరో చేతికి కమాల్ ఇవ్వు. పాతకాలం అరబ్బు నావికులు మన సముద్రాల్లో వాడినదే. జానెడు లోపు చెక్క పలక, మధ్యలో బెజ్జం, బెజ్జంలోంచి ఒక తాడు, తాడుకి ముడులు, అంతే. ముడిని పళ్ల మధ్య కరిచి పట్టుకుని తాడు బిగుసుకునేదాకా పలకని ముందుకి జరపాల, పలక కింది అంచు సముద్రం గీత మీద కూర్చోవాల, పై అంచుకి ధ్రువ నక్షత్రం ఆనాల. ఒక్కో రేవుకి ఒక్కో ముడి. మన కళింగపట్నానికి ధ్రువ నక్షత్రం ఇప్పుడు 18 డిగ్రీల ఎత్తున కనపడతాది గనక ఆ ముడి వేసుకుంటే, షిప్పు ఎక్కడున్నా చుక్క ఆ అంచుకి వచ్చేదాకా ఉత్తరానికో దక్షిణానికో నడిపి, ఆ తర్వాత తీరం కేసి తిప్పీడమే.

ఇప్పుడు చూడు తమాషా. నీ హీరో ఆ ముడితోనే రెండు వేల ఏళ్లు వెనక్కి వెళ్లి అదే కళింగపట్నం పక్కన వంశధార నది నోటి దగ్గర దిగి పలక ఎత్తాడనుకో, చుక్క అంచు మీద నిలవదు. భూమి అక్షం బొంగరంలాగ ఊగుతాది కదా, ఒక చుట్టుకి 26,000 ఏళ్లు. మన ధ్రువ నక్షత్రం ఇప్పుడు అసలు ధ్రువానికి డిగ్రీ లోపే ఉంది గానీ అప్పట్లో దాదాపు 12 డిగ్రీల దూరంలో ఉండేది, నిలకడగా ఒకచోట ఉండక 6 నుంచి 30 డిగ్రీల దాకా కిందకీ పైకీ తిరిగేది. ముందు దారి తప్పాననుకుంటాడు. తర్వాత తెలుస్తాది, చోటు సరిగ్గానే ఉంది, మారింది కాలం అని! చుక్క ఎక్కువ ఎత్తు ఒకటి, తక్కువ ఎత్తు ఒకటి కొలిచి రెండూ కలిపి సగం చేస్తే చోటు, ఒకదాంట్లోంచి ఒకటి తీసీసి సగం చేస్తే ధ్రువానికి చుక్క ఎంత దూరమో తెలుస్తాది, దాన్నిబట్టి శతాబ్దం. పలకతో అర డిగ్రీ తేడా ఎలాగూ వస్తాది, ఆ అర డిగ్రీ ఇంచుమించు వందేళ్లు, అంతకంటే నిక్కచ్చిగా చెప్పించకు. పైగా రెండు ఎత్తులూ ఒకే రాత్రిలో దొరకడం కష్టం, ఒకటి ఇప్పుడు చూసి రెండోది ఆర్నెల్లాగి అదే వేళకి చూడాల, మధ్యలో వానాకాలం మబ్బులొకటి. అంటే నీ హీరో ఆ భిక్షువుల దగ్గర ఆర్నెల్లు ఉండిపోవాల. నీకు కథ అక్కడుంది కదేటి!

అన్నట్టు, తేదీ సరిచూసుకోడానికి వాణ్ని అరసవల్లి సూర్యుడి గుడికి పంపించావు. మార్చిలోనూ అక్టోబరులోనూ సూర్యకిరణాలు స్వామి పాదాల మీద పడతాయి, నిజమే, కానీ ఆ గుడి 7వ శతాబ్దంలో కళింగ రాజు దేవేంద్రవర్మ కట్టించాడంటారు. నువ్వు పంపిన కాలానికి అక్కడ గుడే లేదు. తీసీ.

ఆకాశంలో తిరిగే మొదటి భాగానికి పల్సార్లు పెట్టు. 1967లో ఖగోళ శాస్త్రం చదివే జోసెలిన్ బెల్ కనిపెట్టింది, ఠంచనుగా టిక్ టిక్ మన్నట్టు సిగ్నళ్లు పంపే చుక్కలు. ఒక్కోదానికి ఒక్కో లయ, అది కూడా ఏళ్లు గడిచేకొద్దీ నెమ్మదిస్తాది, అందుకే వాటినుంచి చోటూ కాలమూ రెండూ లాగొచ్చు. 1972లో పయనీర్ 10 అనే అంతరిక్ష నౌక మీద పంపిన రేకులో 14 పల్సార్లతో మన సూర్యుడి అడ్రసు గీసింది అందుకే. 2017లో నాసావాళ్లు అంతరిక్ష కేంద్రం మీంచి పల్సార్లు చూసి దారి కనుక్కునే ప్రయోగం చేసి దానికి సెక్స్టెంట్ అనే పేరు పెట్టుకున్నారు, నాకు భలే సరదా వేసింది.

ఇంకోటి, నీ యంత్రం ఎప్పుడూ కరెక్టే చెప్తాది, అలా ఉంటే టెన్షన్ ఎక్కడిది? షిప్పు చోటు లెక్కకి వాడే గడియారం, క్రోనోమీటర్, దానికి రోజూ ఒకే టైంకి కీ ఇచ్చేవారు, అది రోజుకి రెండు సెకన్లు వెనకబడితే ముట్టుకునేవారు కాదు, ఎంత వెనకబడిందో పుస్తకంలో రాసుకునేవారు. రోజూ ఒకేలాగ తప్పితే బెంగలేదు, లెక్కలో సర్దుకునేవారు. లెక్కలోకి రాని నాలుగు సెకన్లు భూమధ్యరేఖ దగ్గర చోటులో ఒక నాటికల్ మైలు (సముద్రపు మైలు) తేడా తెస్తాయి. నీ హీరో దగ్గర కూడా అలాంటి పుస్తకం ఒకటి ఉండనీ, దాన్ని తడిపీ, పేజీలు అతుక్కుపోనీ.

నాలుగో పేజీలో బ్యాటరీ అయిపోయే సీను మాత్రం ఎత్తీ, అది అందరూ రాసీసినదే. పలక సంగతి నువ్వే చేసి చూడు, మీ తమ్ముడి స్కేలు, ఒక పురికొస చాలు. రెండో డ్రాఫ్టు పంపితే అత్తకి కాకుండా ముందు నాకు పంపు.

మీ మావయ్య