రిటైరయ్యాక జీపీఎఫ్ సొమ్ము ఆలస్యమైతే వడ్డీ వస్తుందా?

వస్తుంది, రిటైరైన రోజుతో జీపీఎఫ్ (ప్రభుత్వ ఉద్యోగుల భవిష్య నిధి) వడ్డీ ఆగిపోదు. సొమ్ము ఇంకా ప్రభుత్వం దగ్గరే ఉంది కాబట్టి, చెల్లించే నెలకు ముందు నెల ఆఖరు దాకా వడ్డీ కట్టాలని 1960 నాటి కేంద్ర జీపీఎఫ్ నిబంధనలు చెబుతున్నాయి. ఆలస్యం ఆరు నెలలు దాటితే ఆపై వడ్డీకి పై అధికారి మంజూరు కావాలి.

అమలాపురంలో ఒక పోస్టల్ ఉద్యోగి మార్చి 31న రిటైరయ్యారనుకోండి. ఖాతాలో 10 లక్షలున్నాయి, డబ్బు జూలైలో చేతికొచ్చింది. 7.1 శాతం రేటుతో ఏప్రిల్, మే, జూన్ వడ్డీయే 17,750 రూపాయలు! చెల్లింపు కాగితంలో వడ్డీ ఏ నెల దాకా వేశారో తప్పక చూసుకోండి. మార్చితో ఆపేసి ఉంటే రాతపూర్వకంగా అడగండి.

చాలామంది దీన్ని ఈపీఎఫ్ (ఎక్కువగా ప్రైవేటు ఉద్యోగులకు ఉండే భవిష్య నిధి) అనుకుని రాజమండ్రిలో ఆ ఆఫీసుకు వెళ్తారు. పాపం, ఆ వయసులో ఆ తిరుగుడంతా వృథా. జీపీఎఫ్ లెక్క చూసేది మీ శాఖ అకౌంట్స్ ఆఫీసు, అర్జీ అక్కడికే వెళ్లాలి.