నానమ్మ మాటలు రికార్డు చేయొచ్చా?

ప్రశ్న: మాది సిద్దిపేట జిల్లా. 1948లో రజాకార్లు భైరాన్‌పల్లి మీద పడ్డప్పుడు మా నానమ్మ అక్కడే ఉంది, చిన్నపిల్ల. ఇన్నేళ్లూ నోరు విప్పలేదు. తాత పోయాక రాత్రిళ్లు లేచి తలుపు గొళ్లెం తడిమి చూస్తోంది. బరాత్‌లో పటాకులు పేలితే మంచం చాటున ముడుచుకుంటోంది. ఏవో పేర్లు చెప్పి ఏడుస్తోంది. ఆమె మాటలు ఫోన్‌లో రికార్డు చేద్దామంటే, 'ముసలామెను ఎందుకు సతాయిస్తవ్' అని నాన్న కోప్పడుతున్నారు.

జవాబు: తల్లి ఏడుపు చూడలేకే మీ నాన్న అలా అంటున్నారు. ఆయనతో గొడవ పడకండి. అలాగని నానమ్మ నోరు నొక్కడమూ సరికాదు. ఆగస్టు 27న ఆ ఊళ్లో మగవాళ్లను నిలబెట్టి కాల్చారు. సెప్టెంబర్ 17న నిజాం లొంగిపోయాడు. ఇంట్లో మిగిలిన ఆడవాళ్లకు మాత్రం అది అక్కడితో అయిపోలేదు. ఇలాంటి బాధకు వైద్యులు పీటీఎస్‌డీ అని పేరు పెట్టిందే 1980లో. అప్పటికి మీ నానమ్మ పిల్లల్ని కని, పెంచి, పొలం పనులు చేసి, అన్నీ లోపలే దాచుకుని ఉంటుంది. ఇప్పుడు చేతిలో పని లేదు, పక్కన తాత లేడు. అందుకే పాతవి పైకి తేలుతున్నాయి.

రికార్డింగ్ సంగతి తర్వాత. ముందు పగటిపూట పక్కన కూర్చుని చిన్ననాటి ముచ్చట్లు అడగండి: జడ ఎవరు వేసేవాళ్లు, బురుజు దగ్గర ఏం ఆడుకునేవాళ్లు, ఏం తినేవాళ్లు. 'నీకేమైనా చేశారా?' అని మాత్రం ఎప్పుడూ అడగకండి, అందులోనూ మగవాళ్ల ముందు. ఆ ఊళ్లో ఆడవాళ్ల మీద అఘాయిత్యాలు జరిగాయి. చెప్పాలా వద్దా అన్నది ఆమె ఇష్టం. స్త్రీ శక్తి సంఘటన అనే మహిళా బృందం వాళ్లు తెలంగాణ సాయుధ పోరాటంలో ఉన్న ఆడవాళ్లను కలిసి మాటలు రికార్డు చేసేసరికే ముప్పై ఏళ్లు దాటిపోయాయి. ఇంకొన్నాళ్లు ఆగితే మీకు పోయేదేం లేదు. ఆమె సరేనంటేనే ఫోన్ ఆన్ చేయండి, తర్వాత వద్దంటే తీసేయండి. వాట్సాప్ స్టేటస్‌లో పెట్టే ఆలోచన ఉంటే ఇప్పుడే మానుకోండి. చెప్పి అలసిపోతే టీ ఇచ్చి, కాసేపు పక్కనే ఉండండి. వీధిలో బరాత్ వస్తోందంటే ముందే చెప్పి లోపలి గదిలోకి తీసుకెళ్లండి.

నిద్ర అసలు పట్టకపోయినా, మనుషుల్ని పోల్చుకోలేకపోతున్నా సైకియాట్రిస్టుకు చూపించండి. మతిమరుపు జబ్బు కూడా ఇలాగే మొదలవొచ్చు. 14416కు ఫోన్ చేస్తే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ వాళ్లు ఉచితంగా, తెలుగులోనే మాట్లాడతారు.

ఆమె ఏడుస్తూ తలుచుకునే పేర్లు ఎవరివో మీ నాన్ననే అడగండి. ఒకరిద్దరు ఆయన మేనమామలే కావచ్చు.