వేయిపడగలు దగ్గర ఆగిపోయాను, విశ్వనాథను ఎక్కడ మొదలుపెట్టాలి?

వేయిపడగలు వంద పేజీలు దాటలేకపోయానని, విశ్వనాథ సత్యనారాయణ గారిని కవి అనుకోవాలో నవలాకారుడు అనుకోవాలో విమర్శకుడు అనుకోవాలో తెలియడం లేదని, ఏ పుస్తకంతో మొదలుపెట్టాలని అడిగారు. చాలా ఏళ్లుగా ఆయన్ని చదువుతున్నాను కాబట్టి నాకు పనిచేసిన దారి చెబుతాను.

వేయిపడగలు ప్రస్తుతానికి పక్కన పెట్టండి. 'హాహా హూహూ' అనే చిన్న నవల తీసుకోండి. గుర్రం తల ఉన్న గంధర్వుడొకడు లండన్‌లో ట్రఫాల్గర్ స్క్వేర్ దగ్గర పడతాడు. వాడెవడో తేల్చాలని పండితులు వస్తారు. అడగడానికి వచ్చినవాళ్లే జవాబు చెప్పుకోవాల్సిన స్థితిలో పడతారు. ఒక్క సాయంత్రంలో అయిపోతుంది. ఆ తర్వాత 'విష్ణుశర్మ ఇంగ్లీషు చదువు'. పంచతంత్రం రాసిన విష్ణుశర్మ, వెంట తిక్కన సోమయాజి, ఇద్దరూ ఇంగ్లీషు నేర్చుకోవాలని వస్తారు. విశ్వనాథ అనగానే నుదుటి మీద ముడతలు తప్ప ఇంకేమీ గుర్తురాని వాళ్లకు ఈ రెండూ ఇస్తుంటాను. ఇంత హాస్యం ఆయన రాశారా అని ఆశ్చర్యపోతారు.

ఇక 'కిన్నెరసాని పాటలు'. ఇవి కళ్లతో చదివితే సగమే అందుతాయి, పైకి చదవండి. కిన్నెరసాని భద్రాచలం అడవుల్లో గోదావరిలో కలిసే వాగు. అత్త పెట్టే బాధ పడలేక ఇల్లు వదిలిన కోడలు, ఆపబోయిన మగడి కౌగిట్లోనే నీరై కరిగిపోతుంది. అతడు రాయైపోతాడు. ఆమె వెనక్కి రాలేదు, అతడు కదలలేడు. నేను మొదటిసారి పైకి చదివినప్పుడు గొంతు పట్టుకుంది, పక్క గదిలోంచి మా అమ్మ వచ్చి కూర్చుంది. పాండిత్యం బరువు ఎక్కడా తగలదు. రాసినవాడు మహాపండితుడన్న సంగతి మాత్రం తెలుస్తూనే ఉంటుంది, ఎందుకంటే మాట ఎక్కడ తేలికపడాలో, ఎక్కడ ఆగాలో అంత కచ్చితంగా తెలియాలంటే వెయ్యేళ్ల తెలుగు పద్యం చెవిలో ఉండాలి.

కవా, నవలాకారుడా, విమర్శకుడా అన్న మీ ప్రశ్నకు నా జవాబు కూడా ఇక్కడే ఉంది. ఆయనలో ఈ ముగ్గురినీ కలిపేది విమర్శకుడే అని నా గట్టి నమ్మకం. నన్నయ తన భారతం మొదట్లో తన కవిత్వ లక్షణాలు చెప్పుకుంటూ 'ప్రసన్నకథాకలితార్థయుక్తి' అన్నాడు. ఆ ఒక్క సమాసం పట్టుకుని విశ్వనాథ ఒక పుస్తకమే రాశారు, 'నన్నయగారి ప్రసన్న కథాకలితార్థయుక్తి' అని. కథలో ఒక విశేషణం ఎందుకు పడింది, ఒక పాత్ర ఆ మాట అక్కడే ఎందుకు అన్నది, ముందు చెప్పిన చిన్న సంగతి తర్వాత దేనికి ఆధారమైంది, ఇలా చూసుకుంటూ వెళతారు. అది చదివాక ఆయన నవలలు నాకు వేరేగా కనబడ్డాయి. అంతకుముందు సాగదీశారనుకున్న వర్ణనలు చాలావరకు కథకు అవసరమైనవే అని తెలిసింది. నన్నయలో ఏం వెతికారో తన కథల్లో అదే చేశారు. కాళిదాసు మీద 'శాకుంతలము యొక్క అభిజ్ఞానత', పెద్దన మీద 'అల్లసానివారి అల్లిక జిగిబిగి' కూడా ఉన్నాయి కానీ, ముందు నన్నయ పుస్తకమే చదవండి.

ఇదే చూపుతో 'ఏకవీర' చదవండి. మధుర నాయకరాజుల కాలం. కుట్టాన్, వీరభూపతి ప్రాణస్నేహితులు. ఒకడు ప్రేమించిన అమ్మాయి రెండోవాడికి భార్య అవుతుంది, రెండోవాడు ప్రేమించిన అమ్మాయి మొదటివాడికి. ఇది వాళ్లకు తెలిసేలోపు పాఠకుడికి తెలిసిపోతుంది, అక్కడి నుంచి ప్రతి పలకరింపూ టెన్షన్ పెడుతుంది. 1969లో సినిమాగా కూడా వచ్చింది. అది చూసినా సరే, నవల చదవడం మానకండి.

పద్యం వైపు వస్తే ఒక్క ఉదాహరణ. మధ్యాక్కర నన్నయ ఇష్టంగా వాడిన ఛందస్సు, తర్వాతి కవులు పెద్దగా పట్టించుకోలేదు. దాన్ని తీసుకుని విశ్వనాథ దేవుళ్ల మీద శతకాలకు శతకాలు రాశారు. 'విశ్వనాథ మధ్యాక్కరలు'కు 1962లో సాహిత్య అకాడమీ బహుమతి వచ్చింది. పండితుడు పాత గ్రంథంలో చూసి మెచ్చుకున్న దాన్ని కవి తన సొంత మొరకు వాడుకున్నాడు. భార్య వరలక్ష్మి గారు పోయాక రాసిన 'వరలక్ష్మీ త్రిశతి' మాత్రం మనసు కుదురుగా ఉన్నప్పుడే తెరవండి.

ఇప్పుడు వేయిపడగలు. ఆంధ్ర విశ్వవిద్యాలయం నవలల పోటీలో అడివి బాపిరాజు గారి 'నారాయణరావు'తో కలిసి బహుమతి పంచుకున్న నవల ఇది. తర్వాత ప్రధానమంత్రి అయిన పి.వి. నరసింహారావు గారు 'సహస్రఫణ్' పేరుతో హిందీలోకి అనువదించారు. కథలో సుబ్బన్నపేటను కాపాడే సుబ్రహ్మణ్యేశ్వరుడికి వెయ్యి పడగలు. ఊరి వ్యవస్థ కూలుతున్నకొద్దీ అవి తగ్గిపోతూ వస్తాయి. మీరు ఆగింది బహుశా కథానాయకుడు ధర్మారావు ఉపన్యాసాల దగ్గరే అయి ఉంటుంది. రెండోసారి చదివేటప్పుడు నేను ధర్మారావుని కాస్త వెనక్కి నెట్టి పసిరికను, గిరికను పట్టుకుని వెళ్లాను. పచ్చదనమే పిల్లవాడి రూపం దాల్చినట్టుండే పసిరిక, వేణుగోపాలస్వామికి తనను తాను అర్పించుకున్న దేవదాసి గిరిక. వాళ్ల వెంట వెళితే నవల దానంతట అదే నడిపించుకుపోతుంది.

ఆయన అభిప్రాయాలతో పేచీ వస్తుందా అంటే, వస్తుంది. వర్ణవ్యవస్థను ఆయన సమర్థించిన తీరు నేను ఒప్పుకోను. పాశ్చాత్యులు రాసిన మన చరిత్రకు ఎదురుగా నిలబెట్టిన 'పురాణవైర గ్రంథమాల' పన్నెండు నవలల్లో కొన్ని నాకు వాదనలాగే అనిపించాయి, కథ వెనకబడింది. అయినా వదల్లేకపోయాను. భావాల్లో పూర్తిగా అవతలి గట్టున ఉన్న శ్రీశ్రీయే ఆయన్ని 'మాట్లాడే వెన్నెముక' అన్నాడు. విభేదిస్తూనే ప్రేమించవచ్చు, తెలుగులో అలాంటి పాఠకులు ఎప్పుడూ ఉన్నారు.

'రామాయణ కల్పవృక్షం' చివరికి ఉంచుకోండి. తెలుగుకు మొదటి జ్ఞానపీఠం, 1970 సంవత్సరానిది, ఆయనకు వచ్చింది. మళ్లీ రామాయణం ఎందుకని అడిగితే, లోకమంతా రోజూ తిన్న అన్నమే తింటోంది కదా, నా భక్తి నాది, నా రచన నాది అని మొదట్లోనే ఒక పద్యంలో చెప్పేశారు. మొదటి పేజీ నుంచి వరుసగా చదవాలని పట్టుబట్టకండి. మీకు బాగా తెలిసిన ఘట్టం ఒకటి ఎంచుకోండి, పద్యం రాగంతో చదవగలిగినవాళ్లు తెలిసి ఉంటే వాళ్లతో చదివించుకుని వినండి. అర్థం తెలియని మాటలకు సూర్యరాయాంధ్ర నిఘంటువు ఆంధ్రభారతి సైటులో ఉంది, ఫోన్‌లోనే చూసుకోవచ్చు. కొరుకుడు పడని పద్యం వస్తే దాటేసి ముందుకెళ్లండి, తర్వాత తిరిగి రావచ్చు.