దక్షిణ స్పెయిన్‌లో పాట, నాట్యం, గిటార్ కలిసిన సంగీతం ఫ్లమెంకో. ఆ గిటారిస్టుల ఇళ్ళలో జీవితం ఎలా ఉంటుంది? సంగీత కుటుంబంలో పుడితేనే ఆ వాయిద్యం పట్టుబడుతుందా?

ఉద్యోగం పని మీద స్పెయిన్‌లో ఉన్నప్పుడు, దక్షిణాన హెరెస్ అనే ఊళ్ళో ఒక మాస్టారి దగ్గర ఈ గిటార్ నేర్చుకున్నాను. ఆయన తండ్రి గిటారిస్టు, చెల్లెలు డాన్సర్, మేనమామ గాయకుడు. నేను చూసినంత వరకు చెబుతాను.

ఆ ఇంట్లో పిల్లల చేతికి ముందు గిటార్ ఇవ్వరు. ముందు చప్పట్లే. ఎవరూ కూర్చోబెట్టి నేర్పరు కూడా, వింటూ వింటూ వాళ్ళే పట్టేస్తారు. బులెరియా అనే ఫ్లమెంకో లయ అంటే 12 దెబ్బల ఆవర్తం, అందులో 3, 6, 8, 10, 12 మీద ఊపు పడాలి. మా పాఠం భోజనాల గదిలో జరిగేది. మాస్టారి కొడుకు వాయిస్తూ 10 దగ్గర కాస్త తొందరపడితే చాలు, వంటింట్లో ఉల్లిపాయలు తరుగుతున్న నానమ్మ కత్తి ఆపి, వేళ్ళ కణుపులతో చెక్క మీద సరిగ్గా అక్కడ ఠక్కుమని కొట్టేది. తల కూడా తిప్పేది కాదు. ఆవిడ జన్మలో గిటార్ పట్టలేదట!

రెండో సంగతి, అక్కడ పెద్దపీట పాటది. గిటారిస్టు ఎంత మొనగాడైనా, గాయకుడి శ్రుతిని బట్టి కేపో (శ్రుతి పెంచడానికి గిటార్ మెడకి బిగించే పట్టీ) జరుపుకుని, ఆయన ఎక్కడ సాగదీస్తాడో, ఎక్కడ ఆగుతాడో కనిపెట్టుకుని వాయించాల్సిందే. హెరెస్‌లో మొరావో కుటుంబానికి అంత పేరు రావడానికి కారణం ఇదే. మనుయెల్ మొరావో, ఆయన తమ్ముడి కొడుకు మొరాయితో, ఇప్పుడు మొరాయితో కొడుకు దియేగో, అందరూ పాటకి వాయించడంలో ఆరితేరినవాళ్ళు.

పుట్టుక గురించి అడిగారు కాబట్టి, ఫ్లమెంకో గిటార్‌లో ఎంతో పేరున్న పాకో డి లూసియా సంగతి. 1947లో అల్హెసీరాస్‌లో పుట్టాడు. లూసియా వాళ్ళమ్మ పేరు. తండ్రి పగలు చిన్న వ్యాపారం, రాత్రి గిటార్. ఇంట్లో డబ్బుకి కటకటగా ఉండి కొడుకుని చిన్నప్పుడే బడి మాన్పించి గిటార్ ముందు కూర్చోబెట్టాడు. అన్నల్లో రమోన్ గిటారిస్టు, పెపె గాయకుడు. ఇంకా పిల్లాడిగా ఉండగానే పాకో, పెపెతో కలిసి రికార్డులు చేశాడు. వినడానికి అదృష్టంలా ఉంటుంది కానీ, నాకు అందులో సగం ఇల్లు గడవడమే కనిపిస్తుంది. పైగా సొంత బాణీ ఇంట్లో దొరకలేదు. అన్న ఆరాధించే గిటారిస్టు నీన్యో రికార్దో పద్ధతిలోనే వాయిస్తుంటే, అమెరికాలో కలిసిన మరో పెద్ద గిటారిస్టు సాబికాస్ నీ సొంతం వాయించుకోమన్నాడు. ఆ సాబికాస్‌ది ఉత్తరాన పాంప్లోనా. ఎవరి దగ్గరా నేర్చుకోకుండా సొంతంగా సాధన చేసి పైకొచ్చిన మనిషి. కాబట్టి పుట్టుక తప్పనిసరేం కాదు.

రోజువారీ బతుకంటారా, మా మాస్టారికి కుడిచేతి గోళ్ళే ఆస్తి. విరక్కుండా సూపర్ గ్లూ పూత వేసి, ఆరాక సన్నటి గరుకు కాగితంతో రుద్దేవారు. ఆ వంకతో గిన్నెలు తోమరని భార్య సణుగుడు. వేసవిలో కచేరీలు, చలికాలంలో పాఠాలు.

మీకు నేర్చుకునే ఉద్దేశం ఉంటే, గదిలో తలుపేసుకుని వేగం పెంచుకోవడం కంటే ఫ్లమెంకో డాన్సు క్లాసు ఎక్కడుందో వెతకండి. సెవియ్యా, హెరెస్‌లలో క్లాసుకి మనిషి కూర్చుని గిటార్ వాయిస్తాడు, ఇక్కడ చాలా చోట్ల రికార్డింగే దిక్కు. వాయిస్తానని వెళ్తే కాదనరు. పాదాల దెబ్బకి జవాబివ్వడం అలవాటైతే లయ దానంతటదే కుదురుతుంది.