దావా విత్‌డ్రా చేసుకుని మళ్ళీ వేయాలంటే ఉత్త మెమో చాలదు

ఇంజంక్షన్ దావా (ఎదుటివాళ్ళు స్థలం జోలికి రాకుండా ఆపమని అడిగే కేసు) షెడ్యూల్‌లో, అంటే స్థలం వివరాలు రాసే చోట, సర్వే నంబరు తప్పు పడిందని, మెమో (కోర్టుకిచ్చే చిన్న కాగితం) ఇచ్చి విత్‌డ్రా చేసుకుని కొత్తది వేద్దామని మీ లాయరు గారు అన్నారని, అలా చేస్తే ఇబ్బందా అని అడిగారు. ఉత్త మెమోతో అయితే ఇబ్బందేనండి. మా నాన్నగారి స్థలం కేసు ఇలాగే సగంలో ఆపి మళ్ళీ వేశాం కాబట్టి చెబుతున్నాను.

సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 23 రూల్ 1 ప్రకారం దావా వదులుకునే హక్కు వాదికి ఎప్పుడూ ఉంటుంది. కానీ కోర్టు అనుమతి లేకుండా వదులుకుంటే అదే విషయం మీద మళ్ళీ వేయడానికి లేదు. అనుమతి కావాలంటే అఫిడవిట్‌తో ఐ.ఏ. (నడుస్తున్న దావాలోనే వేసే పిటిషన్) వేసి, లోపం ఏమిటో, దానివల్ల దావా ఎందుకు నిలవదో చెప్పాలి. సర్వే నంబరు, హద్దులు తప్పుపడటం, ప్రభుత్వం మీద వేసేముందు సెక్షన్ 80 నోటీసు ఇవ్వకపోవడం లాంటివి సాధారణంగా ఒప్పుకుంటారు. సాక్ష్యం బలంగా లేదు, ఇంకోసారి ప్రయత్నిస్తాం అంటే ఒప్పుకోరు.

మా కేసులో వాదనల రోజు ఎదుటి లాయరు లేచి, "విత్‌డ్రాకి అభ్యంతరం లేదండీ, లిబర్టీకే ఉంది" అన్నారు. లిబర్టీ అంటే మళ్ళీ వేసుకోవడానికి అనుమతి. వినడానికి ఎంత మర్యాదగా ఉందో! సగం ఒప్పుకున్నట్టే ఉంటుంది గానీ, ఆ సగమే మన కొంప ముంచేది. మా లాయరు గారు వెంటనే, "లిబర్టీ ఇవ్వకపోతే మా పిటిషన్ కొట్టేయండి, ఈ దావానే నడుపుకుంటాం" అన్నారు. ఐ.ఏ.లో కూడా విత్‌డ్రా, లిబర్టీ ఈ రెండూ విడదీయడానికి వీల్లేకుండానే రాశారు. చివరికి ఖర్చులు కట్టమని చెప్పి అనుమతి ఇచ్చారు. సర్టిఫైడ్ కాపీ రాగానే చూసుకోండి: మళ్ళీ వేసుకోవడానికి అనుమతి ఇచ్చినట్టు అక్షరాలా ఉండాలి. ఖర్చులు ముందే కట్టాలని షరతు ఉంటే, కట్టిన రసీదు లేకుండా కొత్త దావా జోలికి వెళ్ళొద్దు.

అసలు ప్రమాదం లిమిటేషన్‌తో, అంటే దావా వేయడానికి ఉన్న గడువుతో. ఆర్డర్ 23 రూల్ 2 ప్రకారం గడువు లెక్కకి పాత దావా అసలు వేయనట్టే లెక్క. పాత కోర్టుకు విచారణాధికారం లేకపోవడం లాంటి కారణమైతే లిమిటేషన్ చట్టం సెక్షన్ 14 (పాత కోర్టులో పోయిన కాలాన్ని గడువులోంచి తీసేసేది) ఆదుకోవచ్చు. సర్వే నంబరు తప్పుకి దాన్ని నమ్ముకోవద్దు. మీ ఎదుటివాళ్ళు రిటన్ స్టేట్‌మెంట్‌లో (దావాకి వాళ్ళిచ్చిన జవాబులో) "స్థలమే వాదిది కాదు" అన్నారా? అని ఉంటే ఉత్త ఇంజంక్షన్ సరిపోకపోవచ్చు, స్థలం మీదేనని ప్రకటించమనే డిక్లరేషన్ కూడా అడగాల్సి వస్తుంది. వరంగల్ స్థలం తగాదా అయిన అనతుల సుధాకర్ కేసులో 2008లో సుప్రీంకోర్టు ఈ సంగతి వివరంగా చెప్పింది. డిక్లరేషన్‌కి గడువు 3 ఏళ్ళు. ఆ 3 ఏళ్ళు ఎప్పటినుంచి మొదలయ్యాయో ముందు లెక్క వేయించండి.

ట్రయల్ (సాక్ష్యాల విచారణ) ఇంకా మొదలవకపోతే నేనైతే విత్‌డ్రా కన్నా ఆర్డర్ 6 రూల్ 17 కింద సవరణకే మొగ్గుతాను. కోర్టు ఫీజు మళ్ళీ మొత్తం కట్టక్కర్లేదు. మొదలయ్యాక సవరణ కష్టం, మేము విత్‌డ్రాకి వెళ్ళింది అందుకే.

ఇంకొకటి. మీకు మధ్యంతర ఇంజంక్షన్ ఉంటే, దావా పోయిన రోజే అదీ పోతుంది. కొత్త ప్లెయింట్ (దావా పత్రం), కొత్త ఇంజంక్షన్ పిటిషన్ సంతకాలతో సహా సిద్ధం చేసుకున్నాకే విత్‌డ్రా ఐ.ఏ. వాదించమనండి. ఈలోపు ఎదుటివాళ్ళు కేవియట్ (మాకు చెప్పకుండా ఆర్డరు ఇవ్వొద్దని ముందే వేసే పిటిషన్) వేశారేమో కూడా కనుక్కోండి. వేస్తే 90 రోజులు అమల్లో ఉంటుంది, వాళ్ళకి నోటీసు ఇవ్వకుండా ఎక్స్‌పార్టీ (వాళ్ళ మాట వినకుండా ఇచ్చే) ఆర్డరు దొరకదు.