నెదరైట్ వేటలో మీ సందేహాలు

మైన్‌క్రాఫ్ట్‌లో వజ్రాన్ని మించిన సరుకు నెదరైట్. అది నెదర్ అనే లావా నిండిన లోకంలో దొరికే ఏన్షియంట్ డెబ్రీ అనే బ్లాక్ నుంచి వస్తుంది. ఈసారి ఉత్తరాల్లో ఎక్కువ భాగం దాని గురించే.

వై 11 దగ్గర ఎంత తవ్వినా ఒక్క డెబ్రీ కూడా కనిపించడం లేదు. నా వరల్డ్‌లోనే లేదా? – ఒంగోలు పాఠకుడు

ఉంటుంది. వై అంటే ఎత్తు. 11 అనేది పాత వెర్షన్లలో వజ్రాలకు చెప్పిన లెక్క. చాలామంది దాన్నే నెదర్‌కీ మోసుకెళ్తున్నారు. డెబ్రీ ప్రతి చంక్‌లో, అంటే 16×16 బ్లాకుల ముక్కలో, రెండు విడతలుగా పడుతుంది. మొదటి విడత వై 8 నుంచి 24 లోపు, నడిమి భాగంలో ఒత్తుగా, మూడు బ్లాకులకు మించకుండా ఉంటుంది. రెండోది 8 నుంచి 119 వరకు ఎక్కడైనా పడొచ్చు, అది ఒకటో రెండో బ్లాకులే. అందుకే పాదాలు వై 15 మీద ఉండేలా సొరంగం తీయండి. జావా ఎడిషన్‌లో ఎఫ్3 నొక్కితే ఎత్తు తెలుస్తుంది. బెడ్‌రాక్ ఎడిషన్‌లో వరల్డ్ సెట్టింగ్స్‌లో కోఆర్డినేట్స్ ఆన్ చేయాలి.

సగటున చంక్‌కు రెండు కూడా రావు కాబట్టి ఓపిక తప్పదు. ఇది గాలి తగిలే చోట పుట్టదు. గుహల్లో తిరిగి గోడలు చూస్తే దొరకదు, రాతి కడుపులోకి తవ్వాల్సిందే. డైమండ్ పికాక్స్ కంటే తక్కువ దానితో కొడితే బ్లాక్ పగులుతుంది గానీ చేతికేమీ రాదు. తవ్వినదాన్ని ఎక్కువ చేసే ఫార్చూన్ మంత్రం ఉన్నా ఒకటి రెండవదు.

పడకలు పేల్చి తవ్వుతారట. టీఎన్‌టీ ఉండగా పడకలెందుకు? – హనుమకొండ పాఠకురాలు

ఖర్చు తక్కువ, పేలుడు ఎక్కువ. నెదర్‌లో పడక మీద నిద్రపోబోతే అది పేలుతుంది. దాని బలం 5, టీఎన్‌టీది 4. పడకకు మూడు ఉన్ని, మూడు చెక్కలు చాలు. గొర్రెల మంద ఉంటే ఉన్నికి కొదవుండదు. టీఎన్‌టీకి ఐదు గన్‌పౌడర్, నాలుగు ఇసుక కావాలి, గన్‌పౌడర్ కోసం క్రీపర్లనే పేలే జీవుల వెంట పడాలి. పడక పేలితే చుట్టూ ఉన్న నెదర్‌రాక్, అంటే నెదర్‌లోని మామూలు రాయి, ఎగిరిపోతుంది. డెబ్రీకి మాత్రం పేలుడును తట్టుకునే శక్తి 1200, కాబట్టి చెక్కుచెదరకుండా మిగులుతుంది. పడకలు ఒకదానిపై ఒకటి చేరవు, ఒక్కోటి ఒక్కో స్లాట్ తినేస్తుంది, అదొక్కటే ఇబ్బంది.

రెండు బ్లాకుల ఎత్తు సొరంగం చివర, తలవైపు మీకు దూరంగా ఉండేలా పడక వేయండి. పేలుడు తలవైపు నుంచే మొదలవుతుంది. తర్వాత ఒకడుగు వెనక్కి జరిగి, మీకూ పడకకూ మధ్య నేలమీద ఒక రాయి బ్లాక్ పెట్టండి. దాని పైనుంచి కిందికి చూస్తే పడక కనిపిస్తుంది, అక్కడ క్లిక్ చేయండి. చాలామంది ఈ అడ్డుబ్లాక్ మానేసి చనిపోతున్నారు. అడ్డు ఉన్నా దెబ్బ పూర్తిగా ఆగదు, గుండెలు నిండుగా ఉన్నప్పుడే పేల్చండి. పేలాక నెదర్‌రాక్ మీద మంట అంటుకుంటే దానంతట అది ఆరదు. మంటను చేత్తో కొట్టి ఆర్పాకే ముందుకు వెళ్లండి. ఆరేడు బ్లాకుల దూరానికో పడక సరిపోతుంది.

తవ్వుతుంటే లావా నా మీద పడితే? – నెల్లూరు పాఠకుడు

అక్కడ నీళ్ల బకెట్ పనిచేయదు, నీళ్లు ఆవిరైపోతాయి. పైగా నెదర్‌లో లావా మామూలు లోకంలో కంటే వేగంగా, ఎక్కువ దూరం పారుతుంది. నిప్పు, లావా తగిలినా కాలకుండా చేసే ఫైర్ రెసిస్టెన్స్ పోషన్ ఉంటేనే దిగండి. నెదర్ వార్ట్‌తో ఆక్వర్డ్ పోషన్ చేసి, దానికి మ్యాగ్మా క్రీమ్ కలిపితే మూడు నిమిషాలు, ఆపైన రెడ్‌స్టోన్ కలిపితే ఎనిమిది నిమిషాలు పనిచేస్తుంది. హాట్‌బార్‌లో రాళ్లు సిద్ధంగా ఉంచుకుని లావా కనబడగానే మూసేయండి. డెబ్రీ లావాలో పడినా కాలిపోదు, పైకి తేలుతుంది. మీ దగ్గరున్న బంగారం అలా కాదు.

డైమండ్ చెస్ట్‌ప్లేట్, నెదరైట్ ఇంగాట్ రెండూ పెట్టినా స్మితింగ్ టేబుల్ తీసుకోవడం లేదు. వీడియోలో అలాగే చేశారు కదా? – సింగపూర్ నుంచి

అది పాత వీడియో. 2023లో వచ్చిన 1.20 వెర్షన్ నుంచి వస్తువును నెదరైట్‌గా మార్చాలంటే నెదరైట్ అప్‌గ్రేడ్ టెంప్లేట్ అనే అచ్చు కూడా ఉండాలి. టేబుల్‌పై ఎడమ నుంచి టెంప్లేట్, వస్తువు, ఇంగాట్ (నెదరైట్ కడ్డీ) అనే వరుసలో పెట్టాలి. వస్తువు మీదున్న ఎన్‌చాంట్‌మెంట్లు (మంత్రశక్తులు) పోవు. కవచానికి అలంకారం వేసే ఆర్మర్ ట్రిమ్ టెంప్లేట్లు వేరు, వాటితో ఈ పని జరగదు.

అప్‌గ్రేడ్ టెంప్లేట్ నెదర్‌లోని కోటల్లాంటి బాస్టియన్లలో దొరుకుతుంది. ట్రెజర్ రూమ్ ఉన్న బాస్టియన్‌లో ఒకటి ఖాయం, మిగతా రకాల్లో అదృష్టం. ఒక అప్‌గ్రేడ్‌కు ఒక టెంప్లేట్ ఖర్చవుతుంది కాబట్టి మొదటిదాన్ని వాడేసేలోపు కాపీ చేసుకోవాలి. క్రాఫ్టింగ్ టేబుల్‌లో పై వరుస మధ్యలో టెంప్లేట్, దాని కింద నడిమి గడిలో నెదర్‌రాక్, మిగిలిన ఏడు గడుల్లో వజ్రాలు పెడితే రెండు టెంప్లేట్లు వస్తాయి. చేతిలో ఏడు వజ్రాలు లేకపోతే అప్‌గ్రేడ్ వాయిదా వేయండి. తొందరపడితే మళ్లీ బాస్టియన్ వెతుక్కోవాలి.

బంగారు హెల్మెట్ పెట్టుకున్నా బాస్టియన్‌లో పిగ్లిన్లు కొడుతున్నాయి. ఎందుకు? – మచిలీపట్నం పాఠకుడు

నెదర్‌లోని పందిముఖం జీవులైన పిగ్లిన్లు మామూలుగా బంగారం వేసుకున్నవాళ్లను వదిలేస్తాయి. కొడుతున్నాయంటే రెండు కారణాలు ఉండొచ్చు. మీరు వాటి కంటపడేలా పెట్టె తెరిచి ఉంటారు లేదా బంగారం తవ్వి ఉంటారు, అప్పుడు బంగారం వేసుకున్నా వదలవు. పెట్టె తెరిచే ముందు మీ చుట్టూ బ్లాకులతో మూసుకోండి. లేదా మిమ్మల్ని కొట్టింది బ్రూట్ అనే బలమైన పిగ్లిన్. బంగారు గొడ్డలి పట్టుకుని తిరిగే అది బంగారాన్ని లెక్కచేయదు. దాని ప్రాణం 50, అంటే 25 గుండెలు. ఎత్తైన చోట నిలబడి విల్లుతో కొట్టడమే మంచిది. చచ్చిన బ్రూట్ మళ్లీ పుట్టదు.

మొత్తం సెట్‌కు ఎంత పడుతుంది? ముందుగా ఏది మార్చాలి? – వైజాగ్ పాఠకుడు

డెబ్రీని ఫర్నేస్‌లో కరిగిస్తే ఒక్కో దానికి ఒక స్క్రాప్ వస్తుంది. బ్లాస్ట్ ఫర్నేస్‌లో అయితే పని రెట్టింపు వేగంతో అవుతుంది. నాలుగు స్క్రాప్‌లు, నాలుగు బంగారు ఇంగాట్లు కలిస్తే ఒక నెదరైట్ ఇంగాట్. కవచం నాలుగు, పనిముట్లు ఐదు (కత్తి, పికాక్స్, గొడ్డలి, పార, హో) కలిపి తొమ్మిది వస్తువులకు 36 డెబ్రీ, 36 బంగారం. అసలు భారం వజ్రాలది. ఒక్క టెంప్లేట్‌తో మొదలుపెడితే ఎనిమిది కాపీలకు 56, డైమండ్ వస్తువులు తొమ్మిదింటికి 35, మొత్తం 91. హో ఒక్కటి మానేస్తే తొమ్మిది మిగులుతాయి. దాన్ని నెదరైట్ చేయడం మా దృష్టిలో దండగ.

ముందు పికాక్స్ మార్చమంటారు గానీ వేగంలో తేడా కొంచెమే, 8 నుంచి 9. మన్నిక మాత్రం 1561 నుంచి 2031కి పెరుగుతుంది. వాడుతుండగానే వస్తువును బాగుచేసే మెండింగ్ మంత్రం ఉంటే ఆ తేడా కూడా పెద్దగా పట్టదు. చెస్ట్‌ప్లేట్‌తో మొదలుపెట్టండి. ఒక్కో నెదరైట్ కవచం వెనక్కి నెట్టే దెబ్బను పదో వంతు తగ్గిస్తుంది, లావా గట్టున ఆ కాస్తే ప్రాణం కాపాడుతుంది. ఒకవేళ లావాలోనే పోయినా కవచం కాలదు, పైన తేలుతూ ఉంటుంది. ఐదు నిమిషాల్లోపు వెళ్తే తీసుకోవచ్చు.